పద్నాలుగో ఆట

కెటిల్ ఫోర్క్, విస్కాన్సిన్
1973 జులై 9

రోలీ,

నిన్న సాయంత్రం పాలు పితుకుతుంటే కొట్టంలో రేడియోలోంచి నీ గొంతు వినిపించింది. ఈ ఫుట్‌బాల్ సీజన్‌లో పద్నాలుగు ఆటలకి పద్నాలుగూ ఆడతానన్నావు, ఒక్కటి కూడా వదలనన్నావు. సరిగ్గా అప్పుడే బర్నీస్ బకెట్ తన్నేసింది. అది మంచి ఆవే. కోతలు మాత్రం భరించలేదు.

ఫోన్ చేసి తిట్టేదాన్నే. కానీ మన ఫోన్ లైను మీదే ఇంకా ఆరిళ్ళున్నాయి కదా, ఎవరు ఎత్తినా మన మాటలు వినిపిస్తాయి. నేను రిసీవర్ ఎత్తితే చాలు, గుండర్సన్ ఆవిడ కూడా ఎత్తుతుంది. కిందటిసారి నీకు గజ్జల్లో నరం పట్టేసిందని నువ్వు నాకు చెప్పిన అరగంటలో సంగతి చర్చి దాకా వెళ్ళింది. ఆదివారం ప్రార్థనలో పాస్టర్ గారు ఆ చోటు పేరు చెప్పలేక నీళ్ళు నమిలారు. అందుకే ఉత్తరం. కవరు ఆవిరికి పెట్టి తెరిచే ఓపిక గుండర్సన్ ఆవిడకి లేదు.

నీకు మతిమరుపు కాబట్టి ఒకసారి గుర్తు చేస్తాను. మొదటి ఏడు కాలర్‌బోన్ విరిగింది. అది గౌరవమైన దెబ్బే, ఎవరూ కాదనరు. రెండో ఏడు మోకాలు. తరవాత ఏడు మీ సొంత టీమ్‌వాడే, నీకు కాళ్ళ సందులోంచి బంతి అందించే ఆ వోయ్‌చిక్, వెనక్కి జరిగి నీ పాదం మీద నిలబడ్డాడు. మనిషి రెండు వందల డెబ్భై పౌన్లు. ఐదు ఆటలు పోయాయి. ఆ తరవాత ఒకసారి గెలిచిన సంతోషంలో ఎగిరి, దిగేటప్పుడు చీలమండ మెలిపెట్టుకున్నావు. అసలు నీకు ఎగరడం ఎవరు నేర్పించారు? మన వంశంలో సంతోషం వచ్చిందని ఎగిరినవాళ్ళు లేరు. ఇక టీమ్ ఫోటో తీస్తుంటే బల్ల విరిగి నడ్డి మీద పడ్డ సంగతి నేనెత్తను. బల్ల మీద ఇరవైమంది కూర్చుంటే పడింది నువ్వొక్కడివే.

సీనా పెద్దమ్మ మొన్న నన్నడిగింది, క్వార్టర్‌బ్యాక్ అంటే వాడి పని బంతి విసరడమేగా, మరి ఎముకలెందుకు విరుగుతాయని. విసిరేలోగా ఎదుటి జట్టువాళ్ళు వచ్చి మీద పడతారని చెప్పాను. "అయితే ఇంకాస్త తొందరగా విసరమను," అంది. తొమ్మిదేళ్ళుగా మీ కోచ్‌లకి తట్టని మాట అది.

తొమ్మిదేళ్ళలో ఒక్క సీజనైనా పూర్తిగా ఆడావా? మరి రేడియోలో ఎందుకా కోతలు? సోమవారం పొద్దున నేను చీజ్ ఫ్యాక్టరీకి పాలు తీసుకెళ్తే, అక్కడివాళ్ళు గుడ్ మార్నింగ్ చెప్పడం మానేసి చాలా ఏళ్ళయింది. "ఇప్పుడేం విరిగింది?" అంటారు.

బావ నిన్ను అడిగాడని రాయాలి. నిజానికి అడగలేదు. ఎల్డన్ సంగతి నీకు తెలుసు, ఈ వారంలో ఇంతవరకూ నాలుగు మాటలన్నాడు. అందులో రెండు కుక్కతో.

నీ అక్క
ఆర్డిస్

*

టొలెడో, ఒహాయో
జులై 28

అక్కా,

నీ ఉత్తరం భోజనాల దగ్గర తెరిచాను. పొరపాటు చేశాను. వోయ్‌చిక్ నా భుజం మీదనుంచి తొంగి చూసి, తన పేరు కనబడేసరికి మొత్తం చదివేశాడు. చదివి కళ్ళనీళ్ళు పెట్టుకున్నాడు. ఆరేళ్ళయినా ఆ పాదం సంగతి మరిచిపోలేకపోతున్నాడు పాపం. ఆ రాత్రి తన వాటా మాంసం కూడా నాకే వడ్డించాడు.

కోతలు కావు అక్కా. ఎందుకన్నానో చెబుతాను, నవ్వకు.

కిందటేడు చివరి ఆటకి నేను చెయ్యి మెడకి కట్టుకుని బెంచ్ మీద కూర్చున్నాను కదా. అప్పుడు ఒకాయన ఒక అట్టపెట్టె మోసుకొచ్చి కంచె మీదనుంచి నాకందించాడు. లోపల గడ్డి పరిచి ఉంది. పైన "పగిలే వస్తువు, జాగ్రత్త" అని అచ్చు కాగితం అతికించాడు. మనిషి పట్టేంత పెట్టె. కొలత కూడా సరిగ్గా నాదే. అందరూ నవ్వారు, నేనూ నవ్వాను. పేపర్లవాళ్ళు పింగాణీ థోర్సన్ అంటే కూడా నవ్వే ఊరుకున్నాను.

కానీ ఈ నెల కొత్త కోచ్ మెక్‌నల్టీ గారు మొదటిరోజు అందరి పేర్లూ చదివారు. క్వార్టర్‌బ్యాక్ థోర్సన్ అన్నారు. తరవాత పక్కనున్న పెట్టిగ్రూ వైపు తిరిగారు. నేను దెబ్బ తిన్నప్పుడల్లా నా చోట ఆడే టెక్సస్ పిల్లాడే, వాడికి ఇరవై నాలుగేళ్ళు. "నువ్వూ సిద్ధంగా ఉండు బాబూ, ఎలాగూ అవసరం పడుతుంది," అన్నారు. ఎగతాళిగా అనలేదక్కా. వానొచ్చేలా ఉంది, గొడుగు పట్టుకెళ్ళు అన్నట్టు అన్నారు. ఎవరూ నవ్వలేదు కూడా. అదే తట్టుకోలేకపోయాను.

నాకు ముప్పై రెండు. మహా అయితే ఇంకో రెండేళ్ళు. నాన్న నలభై ఏళ్ళలో ఒక్క పూట పాలు పితకడం మానలేదు. న్యుమోనియా వచ్చినప్పుడు కూడా ఆవుకి ఆనుకుని నిద్రపోతూ పితికాడు. ఆయన కొడుకుని నేను. జీవితంలో ఒక్కసారి, ఒక్క సీజను, మొదలుపెట్టిన పని చివరిదాకా చేశాననిపించుకోవాలి.

బర్నీస్‌కి నా నమస్కారాలు.

రోలీ

*

కెటిల్ ఫోర్క్
అక్టోబర్ 10

రోలీ,

చేతివ్రాత చూసి కంగారుపడకు. నేను చెబుతుంటే మీ బావ రాస్తున్నాడు. ఆపిల్ పళ్ళు ఉడకబెడుతున్నాను, చేతులు రెండూ జిగురుగా ఉన్నాయి. (ఆపిల్ పళ్ళు లేవు. ఎల్డన్.)

నాలుగు ఆటలయ్యాయి, నీకు నాలుగు అవయవాలూ ఉన్నాయి. చీజ్ ఫ్యాక్టరీవాళ్ళకి ఏం మాట్లాడాలో తోచడం లేదు. సోమవారం వాళ్ళంతా నా మొహంకేసి చూశారు. ఏమీ విరగలేదన్నాను. పాపం, చిన్నబోయారు. సీనా పెద్దమ్మ మాత్రం తన సలహా వల్లే ఇదంతా అంటోంది.

రోలీ, మనసులో మాట చెబుతాను. జులైలో నిన్ను ఎగతాళి చేశాను కానీ ఆదివారం టీవీ ముందు కూర్చుంటే నాకు ఊపిరాడటం లేదు. నిన్ను వాళ్ళు కింద పడేసినప్పుడల్లా నువ్వు లేచేదాకా లెక్కపెడతాను. మొన్న ఏడు దాకా వచ్చింది. అంతసేపు అక్కడేం చేస్తున్నావు? పడుకోవాలనుంటే ఇంటికెళ్ళి పడుకో.

ఇక్కడ అంతా బాగానే ఉంది. పని మామూలే. ఆవులు మామూలే. (మామూలు కాదు. ఎల్డన్.) మీ బావకి కలం ఇస్తే మనిషి చెడిపోతున్నాడు. ఇక ఆపుతాను.

ఆర్డిస్

*

టొలెడో
అక్టోబర్ 24

అక్కా,

ఆరు. ఆరు ఆటలు. నా జీవితంలో వరసగా ఇన్ని ఎప్పుడూ ఆడలేదు. పక్కటెముక ఒకటి గొణుగుతోంది గానీ దాని మాట వినడం లేదు.

నీకు నవ్వొచ్చే సంగతి ఒకటి చెబుతాను. ఆదివారం రెండో సగంలో ఒకడు నన్ను వెనకనుంచి పడగొట్టాడు. మంచివాడే, చెయ్యిచ్చి లేపాడు. చెవుల్లో చర్చి గంటలు మోగాయి. సరే, లేచి నడుచుకుంటూ వెళ్ళి బెంచ్ మీద కూర్చున్నాను. నీళ్ళు తాగాను. చలిగా ఉందని పక్కవాడి దుప్పటి సగం లాక్కుని కప్పుకున్నాను. వాడు చాలా మర్యాదగా, "ఇంకొంచెం కావాలా అన్నా?" అన్నాడు. అప్పుడు చూశాను, వాడి చొక్కా ఎరుపు. మాది ఆకుపచ్చ. వెళ్ళి ఎదుటి జట్టు బెంచ్ మీద కూర్చున్నానన్నమాట. వోయ్‌చిక్ మైదానం దాటి వచ్చి, బడి నుంచి పిల్లాణ్ణి తీసుకెళ్ళినట్టు చెయ్యి పట్టుకుని తీసుకెళ్ళాడు. స్టేడియమంతా చప్పట్లు. మా డాక్టర్ రెండు వేళ్ళు చూపించి ఎన్నని అడిగాడు. రెండన్నాను. ఆడుకో పో అన్నాడు. ఆడాను, గెలిచాం.

సరేగానీ బావ ఎందుకు రాస్తున్నాడు? ఆపిల్ పళ్ళు లేవని ఆయనే రాశాడు. ఆయన జన్మలో అబద్ధం చెప్పలేదు, చెప్పాలంటే మాట్లాడాలి కదా. నిజం చెప్పు, ఏ చెయ్యి?

రోలీ

*

కెటిల్ ఫోర్క్
అక్టోబర్ 30

రోలీ,

కుడి చెయ్యి. మణికట్టు.

ఈ నెల నాలుగో తారీఖున బర్నీస్ తన్నింది. నేను దానితో ఏ కోతలూ కొయ్యలేదు. పొదుగు తుడుస్తున్నాను, అంతే. కట్టు వేసి ఆరు వారాలు కొట్టం వైపు వెళ్ళొద్దన్నాడు డాక్టర్. ఆయనకేం, ఆయనకి ఆవులు లేవు. ముప్పై నాలుగు ఆవులు పొద్దున ఐదుకి నా కోసం చూస్తుంటాయి. పాలు తీసే యంత్రం తగిలించడానికి ఎడమ చెయ్యి సరిపోతుంది, పైగా నాకు రెండు మోచేతులు, ఒక గడ్డం ఉన్నాయి. ఒక్క పూట కూడా మానలేదు.

నీకెందుకు చెప్పలేదంటే, చెబితే నవ్వుతావని. ఇప్పుడు నవ్వుకో.

(గడ్డంతో నిజంగానే తగిలిస్తోంది. చెప్పి చూశాను. ఎల్డన్.)

ఎదుటి జట్టు బెంచ్ సంగతి చదివి నేను నవ్వాను. ఎల్డన్ నవ్వలేదు. ఉత్తరం తీసుకుని మళ్ళీ చదివి మడిచి పెట్టాడు.

ఆర్డిస్

*

టొలెడో
నవంబర్ 14

అక్కా,

తొమ్మిది అయ్యాయి. ఇంకో ఐదు. పెట్టిగ్రూ ఏ పనీ లేక బెంచ్ మీద కూర్చుని లావెక్కుతున్నాడు.

నీకు నవ్వొచ్చే సంగతి ఒకటి చెబుతాను. మొన్నామధ్య ఒకడు నన్ను వెనకనుంచి పడగొట్టాడు. మంచివాడే, చెయ్యిచ్చి లేపాడు. చెవుల్లో చర్చి గంటలు. లేచి నడుచుకుంటూ వెళ్ళి బెంచ్ మీద కూర్చున్నాను. నీళ్ళు తాగాను. పక్కవాడి దుప్పటి సగం లాక్కుని కప్పుకుంటే, "ఇంకొంచెం కావాలా అన్నా?" అన్నాడు. చూస్తే వాడి చొక్కా ఎరుపు. మాది ఆకుపచ్చ. వోయ్‌చిక్ వచ్చి బడి నుంచి పిల్లాణ్ణి తీసుకెళ్ళినట్టు తీసుకెళ్ళాడు. ఇది నీకు చెప్పాలని ఎన్ని రోజులనుంచో అనుకుంటున్నాను.

అన్నట్టు, ఈమధ్య నీ ఉత్తరాలు బావ ఎందుకు రాస్తున్నాడు? చేతికేమైనా అయిందా?

రోలీ

*

కెటిల్ ఫోర్క్
నవంబర్ 18

రోలీ,

ఇది నేనే ఎడమ చేత్తో రాస్తున్నాను. కోడి గీకినట్టుంటుంది, ఓపిక పట్టి చదువు. మీ బావకి చెప్పి రాయించడం ఇష్టం లేకపోయింది.

నీ అక్టోబర్ ఉత్తరమూ, పోయిన వారం నువ్వు రాసినదీ దీంతో పంపుతున్నాను. రెండిటినీ పక్కపక్కన పెట్టి చదువు. మాటకి మాట అదే. చొక్కా రంగు, గంటలు, దుప్పటి, అన్నీ. నా చేతికేమైందో నీకు మూడు వారాల కిందటే రాశాను. ఆ ఉత్తరం నీకు చేరింది. చేరినట్టు పోస్టుకార్డు కూడా రాశావు. బర్నీస్‌ని తిడుతూ.

నీకు పగిలిన ఎముకలన్నిటికీ నేను నవ్వాను. ఎముకలు అతుక్కుంటాయి కాబట్టి నవ్వాను. దీనికి నవ్వు రావడం లేదు.

తలకి ఎన్నిసార్లు తగిలింది? నిజం రాయి.

అక్క

*

టొలెడో
నవంబర్ 29

అక్కా,

మొదట కోపం వచ్చింది. రెండు ఉత్తరాలూ చింపేద్దామనుకున్నాను. చింపలేదు. అందుకే ఇన్ని రోజులు రాయలేదు.

ఎన్నిసార్లో నాకు తెలీదు. మూడని నేననుకుంటున్నాను, ఐదని పెట్టిగ్రూ అంటున్నాడు. వాడికి తెలుసు. ఆటలో ఇవ్వాల్సిన సైగలు నేను మరిచిపోతుంటే వాడే పక్కకొచ్చి నీళ్ళిచ్చే నెపంతో చెవిలో చెబుతున్నాడు. నా చోటు కోసం ఎదురుచూడాల్సినవాడు నన్ను ఆ చోట్లో నిలబెడుతున్నాడు. ఎందుకురా అంటే, పద్నాలుగూ నువ్వే ఆడాలన్నా, నేను చూడాలి అన్నాడు.

ఇంకో సంగతి. ఇదైతే నవ్వొచ్చేదే, నీకు ముందు చెప్పలేదని ప్రమాణపూర్తిగా నమ్ముతున్నాను. పోయిన మంగళవారం ప్రాక్టీసు నుంచి వస్తూ మా వీధిలో మూడుసార్లు కారు తిప్పాను. ఇల్లు దొరకలేదు. చివరికి పోస్ట్‌మ్యాన్ కనబడితే ఆపి, ఇక్కడ క్వార్టర్‌బ్యాక్ థోర్సన్ ఇల్లెక్కడండీ అని అడిగాను. నేను టోపీ పెట్టుకుని ఉన్నాను, ఆయన పోల్చుకోలేదు. "రెండిళ్ళ అవతల. కానీ ఇంట్లో ఉండడు, ఏ ఆస్పత్రిలోనో చూడండి," అన్నాడు.

ఇంట్లోకి వెళ్ళి చాలాసేపు నవ్వాను. తరవాత భయమేసింది.

అయినా అక్కా, పదకొండు అయ్యాయి. మూడే మిగిలాయి. నువ్వు నాకు ఆగమని చెప్పబోతున్నావు, నాకు తెలుసు. గురివింద గింజ తన నలుపెరగదట. విరిగిన మణికట్టుతో, గడ్డంతో పాలు తీసే మనిషికి నాకు బుద్ధి చెప్పే హక్కు ఎక్కడిది? నాన్న పోలిక మనిద్దరికీ వచ్చింది. నేను ఆగను, నువ్వూ ఆగవు. అంతే.

రోలీ

*

కెటిల్ ఫోర్క్
డిసెంబర్ 4

రోలీ,

నీ ఉత్తరం చదివి కోటు వేసుకుని కొట్టంలోకి వెళ్ళి నిలబడ్డాను. నువ్వన్నది నిజం. నాకా హక్కు లేదు. అందుకని సంపాదించుకున్నాను.

పోయిన వారం డాక్టర్ కట్టు విప్పి చూసి, ఎముక పక్కకి జరిగిందన్నాడు. మళ్ళీ విరిచి సరిచేసి కొత్త కట్టు వేశాడు. ఈసారి కూడా పని చేస్తే ఆ చెయ్యి జన్మలో మూతి తుడుచుకోవడానికి కూడా పనికిరాదన్నాడు. ఆ మాట ఎల్డన్‌కి కూడా చెప్పలేదు. మర్నాడు పొద్దున మళ్ళీ కొట్టంలోకే వెళ్ళాను. నేను వెళ్ళకపోతే ఏదో కూలిపోతుందని. ఏం కూలుతుందో నాకు తెలీదు, ఎప్పుడూ ఆగి చూడలేదు కదా.

నాన్న సంగతి కూడా విను. నువ్వు చిన్నవాడివి, నీకు తెలీదు. ఆ న్యుమోనియా ఏడు పొద్దున పూట పాలన్నీ తీసింది అమ్మ. నాన్న ఆవుకి ఆనుకుని నిద్రపోయాడు, అంతవరకూ నిజం. కింద బకెట్ పట్టుకుంది ఆవిడ. తాను పూట మానలేదని ఆయన నలభై ఏళ్ళు చెప్పుకున్నాడు, ఆవిడ నలభై ఏళ్ళు నవ్వి ఊరుకుంది. నీకు పెట్టిగ్రూ ఉన్నట్టే ఆయనకి అమ్మ ఉంది.

ఇదీ నా బేరం. ఈరోజు నుంచి కట్టు విప్పేదాకా నేను కొట్టం గుమ్మం తొక్కను. పక్క పొలం ఆస్కర్ బ్యాకెన్ వచ్చి పితుకుతాడు. బ్రహ్మచారి, ఉదయం ఐదుకి వేరే పనిలేదు. ఈ పొద్దున ఐదుకి లేచి, సోఫాలో పడుకుని, పైకప్పు చూస్తూ ఉన్నాను. నలభై ఏళ్ళకి మొదటిసారి. ఎంత కష్టమో నీకు చెప్పలేను. రెండుసార్లు లేచాను. రెండుసార్లూ ఎల్డన్ తలుపుకి అడ్డంగా నిలబడ్డాడు.

నేను ఆగాను. ఇప్పుడు నువ్వాగు.

అక్క

*

టొలెడో
డిసెంబర్ 17

అక్కా,

నీ ఉత్తరం ఏడో తారీఖున వచ్చింది. తెరవలేదు. కవరు మీద ఎడమచేతి అక్షరాలు చూడగానే లోపలేముందో తెలిసింది. పదమూడో ఆట అయ్యాక చదువుదామని కోటు జేబులో పెట్టుకున్నాను. పిరికితనమే.

పోయిన సోమవారం పొద్దున చదివాను. రెండుసార్లు చదివాను. అమ్మ బకెట్ పట్టుకుందన్న మాట దగ్గర చాలాసేపు ఆగాను. తరవాత పేపరు తీశాను, ఆదివారం ఆటలో స్కోరెంతో చూడ్డానికి. అప్పుడు నాకు తెలిసిందక్కా, ఆ స్కోరు నాకు తెలీదని. చివరి బంతి నేనే విసిరి గెలిపించానట. ఫోటో కూడా వేశారు. ఫోటోలో నవ్వుతున్నాను.

ఆ పేపరు పట్టుకుని కోచ్ దగ్గరికి వెళ్ళాను. ఆయన నా మోకాళ్ళకేసి చూశారు, అలవాటుగా.

"ఎక్కడ నొప్పి?"

"ఎక్కడా లేదండీ."

"మరి?"

"నిన్నటి ఆట నాకు గుర్తులేదు. ఒక్క ముక్క కూడా. ఆరో ఆట నుంచీ ఇలాగే ఉంది. మీకు చెప్పలేదు."

ఆయన లేచి తలుపు వేసి వచ్చి కూర్చున్నారు. పద్నాలుగుకి ఒక్కటే మిగిలింది కదా అన్నారు. అవునన్నాను. బయటివాళ్ళకి ఏం చెప్పమంటావు, నీకు కట్టు లేదు, కుంటడం లేదు అన్నారు. ఉన్నది చెప్పమన్నాను.

"నమ్మరు. మోకాలని చెబుతాను."

"వద్దండీ. తొమ్మిదేళ్ళుగా చెడ్డపేరంతా దానికే వచ్చింది. ఈసారి దాని తప్పేమీ లేదు."

అప్పుడు నవ్వారు. నవ్వాక కళ్ళజోడు తీసి తుడుచుకుంటూ కూర్చున్నారు. ఆ మధ్యాహ్నమే తన కారులో, మా టీమ్‌తో సంబంధం లేని ఒక డాక్టర్ దగ్గరికి తీసుకెళ్ళారు. ఆయన వేళ్ళు చూపించలేదు. మూడు మాటలు చెప్పి, పది నిమిషాల తరవాత మళ్ళీ చెప్పమన్నారు. ఒక్కటి చెప్పగలిగాను. ఈ ఆటే కాదు, ఇక ఏ ఆటా వద్దన్నారు. ఇక్కడితో ఆగితే చాలావరకు కుదుటపడొచ్చన్నారు. ఒట్టు మాత్రం వెయ్యలేదు.

కారు దగ్గరికొచ్చి ఏడ్చాను. తరవాత తాళాలు కనబడలేదు. జేబులన్నీ వెతికి, ఇంక అయిపోయింది నా బతుకు అనుకున్నాక, మేం వచ్చింది కోచ్ కారులోనని గుర్తొచ్చింది. ఆయన అప్పటిదాకా తాళాలు చేత్తో పట్టుకుని పక్కనే నిలబడి ఉన్నారు.

నిన్న ఆటకి ముందు పెట్టిగ్రూ గోడవైపు తిరిగి వాంతి చేసుకున్నాడు. వాడికి నా మీద కోపంగా ఉంది. "ఒక్కటే కదన్నా, నేను చెవిలో చెప్పేవాణ్ణి కదా," అన్నాడు. నీకు సైగలన్నీ గుర్తున్నాయి కదరా, క్వార్టర్‌బ్యాక్‌వి నువ్వే అన్నాను. వాడు హెల్మెట్ పెట్టుకున్నాడు.

పొడుగు కోటు వేసుకుని బెంచ్ మీద కూర్చున్నాను. మా బెంచే, చొక్కా రంగు చూసే కూర్చున్నాను. ఒళ్ళంతా క్షేమంగా ఉండి ఆట వదులుకోవడం ఇదే మొదటిసారి. వెనకనుంచి ఎవరో, "థోర్సన్, ఈసారి ఏది?" అని అరిచారు. ఇన్నేళ్ళూ ఏదో ఒకటి ఎత్తి చూపించేవాణ్ణి. నిన్న చూపించడానికి ఏమీ లేదు. గోల చేశారు. మొదటి పది నిమిషాలు చాలా బాధగా ఉందక్కా. పాదాలు వాటంతటవే లేవబోయాయి. వోయ్‌చిక్ వెళ్తూ వెళ్తూ వాటికేసి చూసి, జాగ్రత్తగా చుట్టూ తిరిగి వెళ్ళాడు.

ఇరవై ఏడు, మూడు. మనమే గెలిచాం. నేను ఈ ఏడంతా గెలిచిన ఏ ఆటకన్నా ఎక్కువ తేడాతో. పెట్టిగ్రూని భుజాల మీద మోశారు.

ఈ ఆట నాకు మొదటినుంచి చివరిదాకా గుర్తుంది. కావాలంటే నిమిషం నిమిషం రాస్తాను.

నీ చెయ్యి ఎలా ఉంది? చూశావా, గుర్తుంది.

రోలీ

*

కెటిల్ ఫోర్క్
డిసెంబర్ 21

తమ్ముడూ,

ఎడమ చేత్తో బాగానే వస్తోంది ఇప్పుడు. పాస్టర్ గారి రాత కన్నా నయమని ఎల్డన్ ఒప్పుకున్నాడు. అంటే తల ఊపాడు.

చెయ్యి బాగానే అతుక్కుంటోంది. ఆవుల సంగతి అడగలేదు నువ్వు, అయినా చెబుతాను. నేను లేకపోతే అవి దిగులు పెట్టుకుంటాయనీ, పాలు తగ్గుతాయనీ అనుకున్నాను. పెరిగాయి. ఆస్కర్ బ్యాకెన్ వాటికి పాటలు పాడుతున్నాడట, నార్వే భాషలో, శ్రుతి లేకుండా. బర్నీస్ వాడి భుజం మీద తల పెట్టి నిలబడుతోంది. పదకొండేళ్ళు నేను మేపాను దాన్ని. మూడు రోజులు అన్నం సయించలేదు నాకు. నాలుగో రోజు పొద్దున ఏడు దాకా నిద్రపోయాను. లేచేసరికి కిటికీలోంచి ఎండ మంచం మీదకి వస్తోంది. మా పడగ్గదిలోకి ఎండ వస్తుందని నాకిన్నాళ్ళూ తెలీదు.

నువ్వు మానేశావని చీజ్ ఫ్యాక్టరీవాళ్ళకి ఎలా చెప్పాలా అని రెండు రోజులు ఆలోచించాను. చివరికి ఉన్నదే చెప్పాను. వాళ్ళేం ఎగతాళి చెయ్యలేదు. తూకం దగ్గర నిలబడే ముసలాయన, యుద్ధం నుంచి వచ్చాక తనకీ రెండేళ్ళు అలాగే ఉండేదని, తరవాత తగ్గిందని అన్నాడు. నీకు రాయమన్నాడు. రాశాను.

ఆదివారం ఆట సోఫాలో పడుకుని చూశాను. ఎల్డన్ కింద కూర్చున్నాడు. నిన్ను ఎవరూ కింద పడెయ్యడం లేదు కాబట్టి లెక్కపెట్టే పని లేదు, చేతులకి ఏం పని చెప్పాలో తెలీలేదు. ఒకసారి నిన్ను చూపించారు, ఆ కోటులో. టీవీలో మాట్లాడేవాడు నవ్వుతూ, ఈసారి పింగాణీకి ఏం విరిగిందో తమకింకా తెలియలేదన్నాడు.

అప్పుడు ఎల్డన్ మాట్లాడాడు. నాతో కాదు. టీవీతో.

"ఏమీ విరగలేదు. విరక్కముందే లేచొచ్చాడు."

పెళ్ళినాడు కూడా ఆయన అన్ని మాటలు అనలేదు. కాసేపటికి సాయంత్రం పాల వేళయింది, కొట్టం వైపునుంచి ఆస్కర్ పాట మొదలైంది. నా కాళ్ళు నేల మీద ఆనబోయాయి. పైకి లాక్కుని, దుప్పటి కప్పుకుని, మిగతా ఆట కూడా పడుకునే చూశాను.

ఆర్డిస్